సందులోకి పాకే తగరం

బ్రిటన్‌లో చాలా ఇళ్ళ వంటగదుల్లో సింకు కింది తలుపు తీస్తే గోడ వెంబడి రాగి పైపులు కనిపిస్తాయి. చూపుడు వేలంత లావు. బయటి వ్యాసం 15 మిల్లీమీటర్లు, లోహం మందం 0.7 మిల్లీమీటరు. పైపు మూల తిరిగినచోట ఒక ఎల్బో, రెండుగా చీలినచోట ఒక టీ. చాలా ఇళ్ళలో ఆ అతుకుల దగ్గర మరలుండవు, బోల్టులుండవు, రబ్బరు వాషర్లూ ఉండవు. ఎల్బో అంచు చుట్టూ సన్నటి వెండిరంగు గీత ఒకటి, అంతే. దశాబ్దాల తరబడి వేడినీళ్ళూ చన్నీళ్ళూ మార్చి మార్చి పారినా అక్కడ చుక్క కారదు.

ఆ అతుకు వేసేటప్పుడు పక్కన నిలబడి చూడాలి. పైపు నిలువుగా ఉంది. దాని తల మీద ఎల్బో తొడిగారు కాబట్టి ఎల్బో నోరు నేల వైపుకి ఉంది. ప్లంబరు బ్లో టార్చ్‌తో ఎల్బోని కాసేపు వేడి చేసి, మంట పక్కకి తిప్పి, టంకం తీగ కొసని ఆ కింది అంచుకి ఆనిస్తాడు. తీగ కరుగుతుంది. కరిగిన లోహం నీళ్ళకన్నా ఏడు రెట్లు బరువు, కిందంతా ఖాళీ. న్యాయంగా అది నేల మీద బొట్లు బొట్లుగా పడాలి. పడదు. అంచు దగ్గర ఒక్క క్షణం మెరిసి, ఎవరో లోపలినుంచి పీల్చినట్టు పైకి మాయమవుతుంది. తీగ ఇంకో అరసెంటీమీటరు తోస్తే అదీ మాయం. మూడోసారికి అంచు చుట్టూ ఉంగరంలా మెరుపు నిలుస్తుంది. ఇక చాలని అర్థం.

చూసేవాళ్ళ కళ్ళు మంట మీదే ఉంటాయి. గొప్పంతా మంటదే అనుకుంటాం. మంట చేసేది టంకాన్ని ద్రవంగా ఉంచడం వరకే. దాన్ని లోపలికి లాగి, అడుగుదాకా నింపి, అక్కడే పట్టి ఉంచేది పైపుకీ ఎల్బోకీ మధ్యనున్న సందు. ఆ సందు వెడల్పు మిల్లీమీటరులో పదో వంతుకి అటూ ఇటూ, తలవెంట్రుక దూరేంత. ప్లంబరు పనితనమంతా ఆ సందుని సరైన కొలతలో, శుభ్రంగా తయారు చేయడంలోనే ఉంది.

సన్నటి గాజుగొట్టాన్ని నీళ్ళలో నిలబెడితే నీళ్ళు వాటంతట అవే పైకి పాకుతాయని బడిలో చదువుకున్నాం. దీన్ని కేశనాళికీయత అన్నారు. గొట్టం ఎంత సన్నగా ఉంటే ద్రవం అంత ఎత్తుకి ఎక్కుతుందని 1718 ప్రాంతంలో జేమ్స్ జూరిన్ అనే ఇంగ్లండు వైద్యుడు లెక్క కట్టాడు. అదే లెక్కని రెండు పలకల మధ్య సందుకీ వేయవచ్చు. ద్రవపు తలతన్యత ఎక్కువైతే ఎత్తు పెరుగుతుంది. సాంద్రత ఎక్కువైతే తగ్గుతుంది. సందు వెడల్పైతే అప్పుడూ తగ్గుతుంది.

ఇక్కడ నాకు భలే నచ్చే కాకతాళీయం ఒకటుంది. టంకంలో దాదాపు అంతా తగరమే. కరిగిన తగరం తలతన్యత నీటి తలతన్యతకి సుమారు ఏడు రెట్లు. దాని సాంద్రతా నీటికి సుమారు ఏడు రెట్లే. ఒకటి పైకి లాగితే, రెండోది అంతే బలంగా కిందికి లాగి లెక్క సరిచేస్తుంది. కాబట్టి 0.1 మిల్లీమీటరు సందులో నీళ్ళు దాదాపు 15 సెంటీమీటర్లు ఎక్కగలిగితే, తగరమూ ఇంచుమించు అంతే ఎక్కగలదు. పూర్తిగా తడవని సందర్భాల్ని లెక్కలోకి తీసుకుని కాస్త తగ్గించినా పది సెంటీమీటర్లకి ఢోకా లేదు. 15 మిల్లీమీటర్ల ఎల్బోలో పైపు దిగేది ఒక సెంటీమీటరు పైచిలుకు మాత్రమే. పది సెంటీమీటర్లు ఎగబాకగల ద్రవానికి సెంటీమీటరు ఒక లెక్కా? అందుకే ఎల్బో నోరు పైకున్నా, కిందికున్నా, పక్కకున్నా టంకానికి తేడా తెలియదు.

వేగమూ ఆశ్చర్యంగానే ఉంటుంది. కరిగిన తగరం చూడ్డానికి చిక్కటి పాదరసంలా బరువుగా అనిపిస్తుంది గానీ, దాని చిక్కదనం నీటికి రెండు రెట్లు మాత్రమే. తేనెతోనో నూనెతోనో దాన్ని పోల్చుకుంటే పొరపాటు. రాగి తగినంత వేడిగా ఉంటే సందు కన్నుమూసి తెరిచేలోగా నిండిపోతుంది. ఎక్కడైనా ఆగిందంటే అక్కడ రాగి చల్లగానైనా ఉండాలి, మురికిగానైనా ఉండాలి.

సందు మరీ బిగువైతే లోపలికి ఏదీ పోదు. మరీ వదులైతే? అర మిల్లీమీటరు సందులోనూ టంకం రెండు సెంటీమీటర్ల పైనే ఎక్కాలని సూత్రం అంటుంది. అది చాలాలి కదా అనిపిస్తుంది. కానీ వదులు ఎల్బోలో పైపు నడిమధ్యన నిలబడదు, ఒక పక్కకి ఒరుగుతుంది. అటువైపు సందు సున్నా, ఇటువైపు మిల్లీమీటరు. టంకం సన్నసందు వైపు పరిగెత్తి, వెడల్పు వైపు లోపల గాలినీ, ముందే పూసిన ఫ్లక్స్ అనే జిడ్డు ముద్దనీ బంధించి వదిలేస్తుంది. కాబట్టి పైపు గుండ్రంగా ఉండాలి. అందుకే ప్లంబరు రంపం జోలికి పోకుండా, పైపు చుట్టూ తిప్పుతూ బిగించే చక్రం కత్తెర వాడతాడు. చక్రం వల్ల లోపలి అంచు కొద్దిగా ముడుచుకుని లేస్తుంది. దాన్ని గీకి తీసేయాలి. తీయకపోతే అతుకు బాగానే వస్తుంది. కానీ ఆ లేచిన అంచు దగ్గర నీళ్ళు సుడి తిరిగి, ఏళ్ళ తరబడి అక్కడి రాగిని కోసుకుంటూ పోతాయి. చివరికి పైపుకి చిల్లు పడ్డప్పుడు అందరూ టంకాన్ని తిడతారు.

జూరిన్ లెక్కలో ఇంకో షరతు ఉంది. ద్రవం ఆ గోడని తడపాలి. తామరాకు మీద నీటిబొట్టులా ముద్దగా నిలబడిపోతే సందు దాన్ని లోపలికి లాగదు సరికదా, బయటికి నెడుతుంది. కరిగిన తగరం శుభ్రమైన రాగిని ఇష్టంగా తడుపుతుంది. కానీ శుభ్రమైన రాగి అనేది గాలిలో ఎక్కువసేపు ఉండే వస్తువు కాదు. ఎమరీ కాగితంతో రుద్ది గులాబీరంగు తెప్పించిన మరుక్షణంనుంచే దాని మీద ఆక్సైడు పొర పేరడం మొదలవుతుంది. మంట తగిలితే ఆ పని జోరందుకుంటుంది. ఆక్సైడు మీద తగరం పూసలు పూసలుగా దొర్లిపోతుంది.

ఇక్కడ ఫ్లక్స్ రంగంలోకి దిగుతుంది. ప్లంబరు డబ్బాలో ఉండే ఆ ముద్ద చాలావరకు పెట్రోలియం జెల్లీ లాంటి జిడ్డు. అందులో జింక్ క్లోరైడ్, అమ్మోనియం క్లోరైడ్ లాంటి లవణాలు కలిపి ఉంటాయి. వేడెక్కితే ఈ లవణాలు ఆమ్లంలా పనిచేసి ఆక్సైడుని కరిగిస్తాయి. జిడ్డు ఆ తావుని కప్పి ఉంచి గాలి తగలనివ్వదు. తర్వాత టంకం వచ్చి ఫ్లక్స్‌ని ముందుకు తోసుకుంటూ దాని చోటు ఆక్రమిస్తుంది.

ఈ అమ్మోనియం క్లోరైడ్ మనకి కొత్తదేమీ కాదు, నవాసాగరం అదే. రాగి, ఇత్తడి పాత్రలకి కళాయి పూసేవాళ్ళు వీధి చివర గుంట తవ్వి, తిత్తి పెట్టి, బొగ్గులు రాజేసే రోజులు గుర్తున్నవారికి ఆ తర్వాతి ఘట్టమూ గుర్తుండాలి. గిన్నెని ఇసకతో తోమి, పట్టకారుతో నిప్పుల మీద తిప్పి, కాగాక తగరం ముక్కని లోపల రాస్తారు. చిటికెడు నవాసాగరం పొడి చల్లి దూది పీచుతో గబగబా నాలుగు వైపులా తుడుస్తారు. గుప్పుమని తెల్లటి పొగ, ముక్కు పుటాలదిరే ఘాటు. పొగ తేలేసరికి నల్లటి గిన్నె లోపల అద్దంలా మెరుపు. అక్కడ జరిగింది ఇదే రసాయనం. వేడికి నవాసాగరం అమ్మోనియాగానూ హైడ్రోజన్ క్లోరైడ్ వాయువుగానూ విడిపోతుంది. రెండోది ఆక్సైడుని తినేస్తుంది. మిగిలినవి పైన చల్లగాలిలో మళ్ళీ కలిసి నవాసాగరం రేణువులవుతాయి. ఆ తెల్లపొగ అదే. దూదితో తుడవడమెందుకు? విశాలమైన గిన్నె లోపల తగరాన్ని లాగి పరిచే సందు లేదు కాబట్టి ఆ పని చేత్తో చేయాలి. ఎల్బోలో ఆ పనిని సందు చేసిపెడుతుంది. బ్రిటన్ ప్లంబరూ మన కళాయి మేస్త్రీ ఒకరినొకరు చూసి ఉండరు గానీ, ఒకరి సామాను ఇంకొకరి చేతిలో పెడితే పెద్దగా ఇబ్బంది పడరని నా అంచనా.

తగరం రాగిని తడపడమంటే జిగురులా అంటుకోవడం అనుకోకూడదు. కలిసిన చోట రెండూ కొద్దికొద్దిగా ఒకదాంట్లో ఒకటి కరిగి, కొత్త పదార్థం పుడుతుంది. ఆరు రాగి పరమాణువులకి ఐదు తగరం పరమాణువుల లెక్కన ఏర్పడే సమ్మేళనం అది. రాగికి మరీ దగ్గరగా, మూడుకి ఒకటి లెక్కన ఇంకో పలుచని పొర. అన్నీ కలిపి మైక్రాన్లలోనే, అంటే మిల్లీమీటరులో వెయ్యో వంతుల్లో. అతుకు గట్టిదనానికి పునాది ఈ పొర. ఇది పెళుసు కూడా. అవసరానికి మించి, అవసరానికి మించినంతసేపు కాలిస్తే పొర మందమెక్కి అతుకు బలహీనపడుతుంది. ప్లంబరు మంట తీసేయడానికి తొందరపడేది గ్యాసు ఆదా కోసం మాత్రమే అనుకోవద్దు.

మంట ఎక్కడ పెట్టాలన్నది కొత్తవాళ్ళంతా తప్పు చేసే చోటు. వాళ్ళు టంకం తీగకి మంట చూపిస్తారు. తీగ కరిగి బొట్టుగా చల్లటి రాగి మీద పడి, అక్కడే గడ్డకడుతుంది. చూడ్డానికి అతుకులాగే ఉంటుంది, లోపల ఏమీ ఉండదు. టంకాన్ని కరిగించాల్సింది రాగి. మామూలుగా ఇళ్ళలో వాడే సీసం లేని టంకం 99.3 శాతం తగరం, 0.7 శాతం రాగి. అది 227 డిగ్రీల సెల్సియస్ దగ్గర కరుగుతుంది. రాగి కరగడానికి 1085 డిగ్రీలు కావాలి గనక పైపుకి ప్రమాదమేమీ లేదు. ముందు పైపుని కాస్త కాచి, ఆ తర్వాత మంటని ఎల్బో ఒంటి మీద పెడతారు. రాగి వేడిని ఎంత తొందరగా పంచుతుందంటే, ఒక వైపు కాచినా కాసేపట్లో చుట్టూ ఒకే వేడి వస్తుంది. ఫ్లక్స్ ముందు కరిగి కారుతుంది, తర్వాత చిటపటలాడుతుంది, బుడగలు కడుతుంది. ఆ చప్పుడు సద్దుమణుగుతున్నప్పుడు, మంటకి ఎదురువైపున తీగ ఆనించి చూస్తారు. అక్కడ కరిగిందంటే అతుకంతా కాగినట్టే. టంకం వేడి ఉన్నవైపుకి పరిగెడుతుంది. అందుకే మంట కొసని ఎల్బో లోపలి అడుగు దగ్గరకి జరిపితే టంకం అక్కడిదాకా వెళుతుంది.

ఎంత తీగ కావాలి? పైపు వ్యాసమెంతో అంత పొడవు అని ప్లంబర్ల వాడుక లెక్క. నిజమో కాదో చూద్దాం. 15 మిల్లీమీటర్ల పైపు చుట్టుకొలత 47 మిల్లీమీటర్లు. లోపలికి దిగింది దాదాపు 11. సందు 0.1. మూడూ గుణిస్తే సుమారు 50 ఘన మిల్లీమీటర్లు. రెండున్నర మిల్లీమీటర్ల లావు తీగలో అంత లోహం పది మిల్లీమీటర్ల పొడవులో ఉంటుంది. అంచున మెరిసే ఉంగరానికీ తుడుపులో పోయేదానికీ ఇంకో ఐదు. వెరసి పదిహేను. క్యాలిక్యులేటరు ముట్టని మేస్త్రీల లెక్కలు ఇలా తేలడం చూస్తే ముచ్చటేస్తుంది. అంతకు మించి తోస్తే అది పైపు లోపలికి కారి, చల్లబడి, నీళ్ళకి అడ్డంగా ముడి కడుతుంది.

తీగ కూడా అక్కర్లేని పద్ధతి బ్రిటన్‌లో ఉంది. ఎల్బో లోపలి గాడిలో టంకం ఉంగరాన్ని ముందే పొదిగి అమ్ముతారు. యార్క్‌షైర్ ఫిట్టింగ్ అంటారు. పైపు దోపి, వేడి చేస్తే, లోపలి ఉంగరం కరిగి రెండు వైపులకీ పాకి, అంచు దగ్గర వెండిగీతగా తొంగిచూస్తుంది. గీత చుట్టూతా కనబడితే పని అయిపోయినట్టు. ధర కాస్త ఎక్కువ. కానీ ఎంత పోయాలన్న సందేహం ఉండదు.

అతుకు వేసేవాడికి అతిపెద్ద శత్రువు ఒక నీటిచుక్క. పాత ఇళ్ళలో మెయిన్ వాల్వు పూర్తిగా మూసుకోదు. పైపులోంచి నీళ్ళు నెమ్మదిగా జారుతూనే ఉంటాయి. నీళ్ళున్నంతసేపూ రాగి 100 డిగ్రీలు దాటదు. మంటలోని వేడినంతా ఆవిరి మింగేస్తుంది. ఒక గ్రాము మరిగే నీటిని ఆవిరి చేయడానికయ్యే వేడితో దాదాపు ఆరు గ్రాముల రాగిని గది వేడినుంచి 1000 డిగ్రీలకి తీసుకుపోవచ్చు. టార్చ్ ఎంతసేపు మండించినా టంకం కరగదు, ఫ్లక్స్ మాత్రం మాడి నల్లబడుతుంది. మాడిన ఫ్లక్స్ ఆక్సైడుని తీయకపోగా తానే మురికవుతుంది. ఇక మళ్ళీ మొదటినుంచీ తోముకోవాలి.

దీనికి అమెరికాలోనూ బ్రిటన్‌లోనూ పాతతరం ప్లంబర్ల చిట్కా బ్రెడ్డు. తెల్లటి బ్రెడ్డు ముక్కలోంచి పైపెచ్చు తీసేసి, మెత్తటి భాగాన్ని ఉండచేసి పైపులోకి వేలితో కుక్కుతారు. అది జారే నీళ్ళని కాసేపు పీల్చుకుని ఆపుతుంది. ఆ వ్యవధిలో అతుకు వేసేస్తారు. నీళ్ళు వదిలాక ఉండ నాని, చెదిరి, కొళాయిలోంచి బయటికి వచ్చేస్తుంది. అందుకే పైపెచ్చు వద్దు, గింజలున్న గోధుమ బ్రెడ్డు అసలే వద్దు. అవి కొళాయి జల్లెడకి అడ్డం పడతాయి. ఇంకో జాగ్రత్త, దగ్గరలో ఏదో ఒక కొళాయి తెరిచి ఉంచాలి. లేకపోతే లోపల పుట్టిన ఆవిరికి దారిలేక, ఇంకా గట్టిపడని టంకంలోంచే చిల్లుపొడుచుకుని బయటికొస్తుంది.

ఇంత సన్నటి తగరపు పొర, సుత్తితో కొడితే సాగే మెత్తటి లోహం, పైపుని పట్టి ఆపగలదా అని అనుమానం రావడం సహజం. మళ్ళీ లెక్కే చూద్దాం. నీటి ఒత్తిడి 10 బార్ అనుకుందాం. వంద మీటర్ల ఎత్తున ట్యాంకు కడితే వచ్చే ఒత్తిడి అది. ఇళ్ళలో అంత ఉండదు. ఆ ఒత్తిడికి 15 మిల్లీమీటర్ల పైపు కొసని బయటికి తోసే బలం 18 కిలోల బరువుకి సమానం. దాన్ని అడ్డుకునే టంకం పొర వైశాల్యం 500 చదరపు మిల్లీమీటర్లు. చదరపు మిల్లీమీటరుకి రెండు కిలోలు మోసినా మొత్తం టన్ను మోస్తుంది. మెత్తని లోహాలు వేడిలో, ఎడతెగని లాగుడుకి మెల్లగా సాగుతాయి కాబట్టి ఇంజినీర్లు ఈ అంకెని బాగా కోసేస్తారు. కోసినా బోలెడు మిగులు. కొసకి కొస ఆనించి అతికితే ఈ మిగులు ఉండేది కాదు. ఒకదాంట్లో ఒకటి దూర్చి అతకడంలోని కిటుకు ఇదే.

మరి కారే అతుకులెందుకు కారతాయి? బలం చాలక కాదు. లోపలినుంచి బయటిదాకా వెంట్రుకంత దారి ఒకటి నిండకుండా మిగిలిపోతే చాలు. ఒక్కోసారి ఆ దారిలో గట్టిపడ్డ ఫ్లక్స్ బిరడాలా కూర్చుంటుంది. నీళ్ళు వదిలి చూస్తే అతుకు బ్రహ్మాండంగా ఉంటుంది. ప్లంబరు డబ్బులు తీసుకుని వెళ్ళిపోతాడు. కొన్నాళ్ళు వేడినీళ్ళు పారాక బిరడా కరుగుతుంది, గోడ చెమ్మగిల్లుతుంది. పైన మిగిలిన ఫ్లక్స్ తుడవకపోతే అదీ ఊరుకోదు. చెమ్మ పీల్చుకుంటూ రాగిని తొలిచి పచ్చటి చిలుము పట్టిస్తుంది. అతుకు వేశాక తడిగుడ్డతో చుట్టూ తుడవడం అందం కోసం అనుకునేవాళ్ళున్నారు. టంకం గట్టిపడేదాకా ఆగి, ఆ తర్వాతే తుడవాలి. ముందే కదిపితే గడ్డకట్టే లోహం లోపల చిట్లుతుంది.

ఇప్పటిదాకా తగరం మాటే చెప్పాను. ఇరవయ్యో శతాబ్దంలో చాలాకాలం ప్లంబరు టంకంలో సగం సీసం. తగరం, సీసం చెరిసగం కలిపిన తీగ 183 డిగ్రీల దగ్గర మెత్తబడి, 215 దగ్గరలో పూర్తిగా కరిగేది. ఆ మధ్య వేడిలో పేస్టులా ఉండి, కాస్త వెడల్పు సందుల్ని కూడా పూడ్చేది. చవక, చేతివాటం లేనివాళ్ళనీ క్షమించేది. విచిత్రమేమిటంటే రాగితో బంధం కట్టే పనిలో సీసం పాత్ర శూన్యం. రాగితో అది ఏ సమ్మేళనమూ ఏర్పరచదు. పనంతా తగరానిదే. సీసం ధర తగ్గించడానికీ కరిగే వేడిని దించడానికీ చేరిన పదార్థం. కానీ నీళ్ళలోకి దిగేది మాత్రం అదే. రాగి పక్కన నీళ్ళలో మునిగిన సీసం, బ్యాటరీలో ఒక కొస అరిగినట్టే, రాగి కోసం తాను కరుగుతుంది. నీళ్ళు కాస్త ఆమ్లంగా, మెత్తగా ఉంటే ఇంకా ఎక్కువగా.

పిల్లల మెదడుకి సీసం చేసే హాని గురించి సందేహాలు తీరాక, అమెరికా 1986లో తాగునీటి చట్టాన్ని సవరించి, తాగునీటి పైపుల టంకంలోనూ ఫ్లక్స్‌లోనూ సీసం 0.2 శాతం మించకూడదంది. బ్రిటనూ ఆ మరుసటి ఏడాదే తాగునీటి పైపులకి సీసం టంకాన్ని నిషేధించింది. ప్లంబర్లు సణిగారు. కొత్త తీగ ఎక్కువ వేడి అడుగుతుంది, పేస్టులా ఆగదు, పనిలో పొరపాటుని దాచిపెట్టదు. వాళ్ళ ఫిర్యాదులో నిజముంది. అయినా అది చాలా ఆలస్యంగా వచ్చిన మంచి నిర్ణయం.

చట్టం పాత గోడల్లోకి వెళ్ళి పాత అతుకుల్ని మార్చదు. 2014 ఏప్రిల్‌లో మిచిగన్ రాష్ట్రంలోని ఫ్లింట్ పట్టణం, ఖర్చు తగ్గించుకోవడానికి, హ్యూరాన్ సరస్సు నీళ్ళు మానేసి ఫ్లింట్ నది నీళ్ళు పంపింది. పైపుల లోపల రక్షణ పొరని నిలబెట్టే ఫాస్ఫేట్ కలపలేదు. ఏళ్ళ తరబడి పేరుకున్న పొర ఊడి, సీసం కొళాయిల్లోకి వచ్చింది. అక్కడ ప్రధాన దోషి వీధినుంచి ఇంటికి వచ్చే సీసపు పైపులు. పాత టంకం, ఇత్తడి అమరికలూ చేయి వేశాయి. అమెరికాలో 1986కి ముందు కట్టిన ఇల్లు కొన్న మనవాళ్ళకి ఇందులో పనికొచ్చే ముక్క ఉంది. రాత్రంతా పైపులో నిలవున్న నీళ్ళని పొద్దున్నే కాస్త వదిలేశాక పట్టుకోవాలి. అన్నానికి ఎసరు, కాఫీ, పాపాయి పాలపొడి, అన్నిటికీ చన్నీళ్ళ కొళాయినుంచి పట్టి కాచుకోవాలి. వేడినీళ్ళు సీసాన్ని ఎక్కువ కరిగిస్తాయి. నీళ్ళని మరిగించినంతమాత్రాన సీసం పోదు.

మంటతో ఇంకో గొడవ ఉంది. చెక్క ఇళ్ళలో పైపులు దూలాల పక్కనుంచే పోతాయి. దూలం లోపల రాజుకున్న నిప్పు ప్లంబరు వెళ్ళిపోయిన గంటకి బయటపడవచ్చు. ఇంగ్లండులోని వెస్ట్ ససెక్స్‌లో అప్‌పార్క్ అనే పాత భవంతి 1989 ఆగస్టు 30న తగలబడింది. పైకప్పు మీద సీసపు రేకుల పని చేస్తున్నవాళ్ళ బ్లో టార్చే కారణం. తిరిగి కట్టి జనానికి తెరవడానికి 1995 వచ్చింది. ఇలాంటి భయాల వల్లా, పని తొందర వల్లా ఇప్పుడు రబ్బరు రింగు పెట్టి యంత్రంతో నొక్కేసే అతుకులు, చేత్తో తోసేస్తే బిగిసే ప్లాస్టిక్ అతుకులు టంకాన్ని పక్కకి నెడుతున్నాయి. అవి చెడ్డవని చెప్పను. రబ్బరు రింగుకి మాత్రం ఒక వయసంటూ ఉంటుంది.

మన ఇళ్ళలో నీళ్ళకి రాగి పైపుల వాడకం ఎన్నడూ పెద్దగా లేదు. మరలు తిప్పి జనపనార చుట్టే జీఐ పైపులనుంచి నేరుగా సీపీవీసీకి వచ్చేశాం. మన దగ్గర రాగి పైపు కనిపించేది ఏసీ వెనకాల. అక్కడ తగరం పనికిరాదు. లోపల వాయువు 30 బార్ ఒత్తిడిలో, చెయ్యి పెట్టలేనంత వేడితో, కంప్రెసర్ అదురుతో ఉంటుంది. అందుకని ఏసీ మెకానిక్ వాడేది రాగిలో ఏడు శాతం దాకా భాస్వరం కలిపిన కడ్డీ. 710 డిగ్రీల దగ్గర కరగడం మొదలవుతుంది. 450 డిగ్రీలకి పైన కరిగే లోహంతో అతకడాన్ని బ్రేజింగ్ అంటారు. సూత్రం మాత్రం అదే సందు, అదే పాకుడు. తేడా ఏమిటంటే అతని దగ్గర ఫ్లక్స్ డబ్బా ఉండదు. కడ్డీలోని భాస్వరమే ఆక్సైడులోని ఆక్సిజన్‌ని లాక్కుని రాగిని శుభ్రం చేసుకుంటుంది. రాగికి రాగి అతికినంతవరకే ఈ సౌకర్యం. ఇత్తడి అయితే మళ్ళీ ఫ్లక్స్ కావాలి. ఉక్కుకి ఈ కడ్డీ ముట్టించనే కూడదు, అతుకు గాజులా పెళుసెక్కుతుంది.

ఆ వేడిలో పైపు బయట ఒక్కటే కాదు, లోపలా నల్లబడుతుంది. ఆ నల్లపొర రేకులుగా ఊడి ఏసీలోని సన్నగొట్టానికి అడ్డం పడుతుంది. బుద్ధిమంతుడైన మెకానిక్ అతుకు వేస్తున్నంతసేపూ పైపులోంచి నైట్రోజన్‌ని సన్నగా పంపుతూ ఉంటాడు. తొందరలో ఉన్నవాడు పంపడు. ఆసుపత్రుల్లో పడకల దగ్గరికి ఆక్సిజన్ తెచ్చే రాగి లైన్ల విషయంలో ఆ వెసులుబాటు లేదు. అక్కడ ఫ్లక్స్ వాడకూడదు, దాని మిగులు రోగి ఊపిరితిత్తుల్లోకి పోతుంది. నైట్రోజన్ పంపకుండా మంట పెట్టకూడదు. బ్రిటన్ ఆరోగ్యశాఖ మార్గదర్శకాలైతే పూర్తయిన లైనులోంచి కొన్ని అతుకుల్ని మచ్చుకి కోసి తీసి, నిలువునా చీల్చి చూడమంటాయి. లోపల నల్లపొర లేకుండా ఉండాలి, సందులో కడ్డీ లోహం తగినంత లోతు దిగి ఉండాలి. రెండిట్లో ఏది లేకపోయినా ఆ మేస్త్రీ వేసిన మిగతా అతుకుల మీదా అనుమానం పడుతుంది.